శారదమ్మ గొంతు

జనవరి 9

లండన్ వాళ్ల ఇంగ్లిష్ సీరియల్ షూటింగ్ అయిపోయింది. కొండాపూర్ విల్లాలో రిటైర్డ్ ప్రొఫెసర్ శారదగా ఇంగ్లిష్ దంచాను. తల ఇంకొంచెం ఊపమని ఆ డైరెక్టర్ రోజూ అడిగేవాడు. ఊపకపోతే ఇండియన్‌ని కానని వాడి భయం. అయినా, పాతికేళ్లుగా తెలుగు సినిమాల్లో గిన్నెలు తోముతున్నదానికి సోఫాలో కూర్చునే వేషం ఇచ్చింది వాడే. మనవాళ్లకు సిగ్గుండాలి.

తెలుగు వెర్షన్‌లో శారదకు నా గొంతే ఉండాలన్నాను. అదొక్కటే అడిగాను. చూద్దామన్నారు.

ఫిబ్రవరి 3

నా పాత్రకు నేనే వాయిస్ టెస్ట్ ఇవ్వాలట.

ఫిబ్రవరి 5, మధ్యాహ్నం

మాదాపూర్ స్టూడియో. డబ్బింగ్ డైరెక్టర్ వెంకటనారాయణ. మర్యాదకు లోటు లేదు. కూర్చోండి కొమురమ్మ గారూ, కాఫీ తాగండి. కూతుర్ని నిలదీసే డైలాగ్ ఇచ్చాడు. ఇల్లు నాది, ఇగ నువ్వు నాకు చెప్తవా అన్నాను. అద్భుతమండి, కానీ ప్రొఫెసర్ కదండి, కొంచెం న్యూట్రల్‌గా చెబుతారా అన్నాడు. న్యూట్రల్ ఏ జిల్లా అని అడిగాను. మీతో గెలవలేమండి అని నవ్వాడు.

మా పెద్దక్క రిటైరయ్యేదాకా కాలేజీలో ఫిజిక్స్ చెప్పింది, ఏంది, గిట్ల అంటూనే. ఈ అద్దాల మేడల కింద ఉన్న ఊళ్లలో చదువుకున్నవాళ్లు పుట్టలేదని వీళ్ల నమ్మకం. ఇదే సంగతి వ్యాసంగా రాసి పంపితే పత్రిక ఎడిటర్‌కి అది పాత టాపిక్.

ఫిబ్రవరి 11

శారద గొంతు విజయవాడ రేడియో ఆవిడకు పోయింది. వెంకటనారాయణ ఫోన్‌లో చాలా నొచ్చుకున్నాడు. ఆ వెంటనే అసలు సంగతి. సీరియల్‌లో పనిమనిషిగా వేసిన ఒరియా అమ్మాయికి తెలుగు రాదు, ఆ పాత్రకు మీ గొంతయితే ప్రాణం పోసినట్టుంటుందండి అన్నాడు.

అంటే నా మొహం పరాయి గొంతుతో తిడుతుంది. నా గొంతు ఆ తిట్లు పడుతుంది. ఇది ఆయనకు వింతగా కూడా తోచలేదు.

ఫోన్ పెట్టేశాను.

ఫిబ్రవరి 12

ఆ స్టూడియో సౌండ్ ఇంజనీర్ సాయిలు ఫోన్ చేశాడు. పాత దోస్తు, లింగంపల్లి మనిషి. ఎందుకక్కా పరేషాన్ అయితవు, జర సీన్లు చూసిపో, సగం సీన్లల్ల పనామె వీపే కనబడ్తది అన్నాడు.

పెదాలు కనబడకపోతే ఏ మాటైనా అతుకుతుంది. మా పనిలో అందరికీ తెలిసిందే.

వస్తానని వెంకటనారాయణకు మెసేజ్ పెట్టాను. ఎంతో సంతోషమండి అని జవాబు, పక్కన దండం బొమ్మ.

ఫిబ్రవరి 16

టీ చల్లారిందని శారద తిట్టే సీన్. పనిమనిషి వీపు మనవైపు. స్క్రిప్ట్‌లో అట్లనే అమ్మా అని ఉంది. ఒక టేక్ అలాగే ఇచ్చాను. రెండోది నా ఇష్టప్రకారం ఇచ్చాను. వెంకటనారాయణ ఫోన్‌లో ఎవరితోనో మాట్లాడుతూ, రెండోది సహజంగా ఉందండి, అదే ఉంచండి అన్నాడు. మాట వినలేదు. యాస విన్నాడు.

సాయిలు తలెత్తలేదు.

ఏప్రిల్ 20

సీరియల్ వచ్చింది. మూడో ఎపిసోడ్. నా మొహం రేడియో గొంతుతో టీ గురించి తిట్టింది. పనామె వెనక్కి తిరగకుండానే నా గొంతుతో అడిగింది. నీ గొంతు ఏడబోయిందమ్మా?

నా మొహం చాలాసేపు ఆ వీపునే చూసింది.