దెబ్బ తగలని కొడుకు

ఇర్వింగ్, టెక్సస్
సెప్టెంబర్ 8

ప్రియమైన నా జెరెమీకి,

ఈ ఏడాది కూడా నిన్ను జట్టులో ఉంచుకున్నారని తెలిసినప్పటి నుంచి మీ డాడీ కాళ్ళు నేల మీద ఆనడం లేదు. లాస్ కొలీనాస్‌లో ఆఫీసుకి కూడా నీ జెర్సీ వేసుకుని వెళ్ళారు. వాళ్ళ మేనేజరు వీపు మీది పేరు చదివి, ఈ ప్లేయర్ పేరు ఎప్పుడూ వినలేదే అన్నాడట. ఆ మాటకి రెండు రోజులు మనిషి సరిగా అన్నం తినలేదు.

ఫోన్ చేస్తే "అయామ్ ఫైన్ మా" అని పెట్టేస్తావు. అందుకే మళ్ళీ మన పాత పద్ధతికి వచ్చాను. నువ్వు చిన్నప్పుడు నేను హాస్పిటల్‌కి నైట్ డ్యూటీకి వెళ్తూ డైనింగ్ టేబుల్ మీద తెలుగులో చీటీ పెట్టేదాన్ని. పొద్దున్నే స్కూలుకి వెళ్తూ నువ్వు దాని వెనక జవాబు రాసేవాడివి. వారంలో నాలుగు రోజులు ఒకరి మొహం ఒకరం చూసుకోకపోయినా నీ సంగతులన్నీ నాకు తెలిసేవి. నోటితో ఎన్ని అబద్ధాలు ఆడావో గానీ కాగితం మీద ఎప్పుడూ ఆడలేదు.

చర్చిలో ఆంటీలు నీ ఉద్యోగం ఏమిటని అడుగుతుంటారు. అమెరికన్ ఫుట్‌బాల్‌లో స్పెషల్ టీమ్స్ అంటే వాళ్ళకి అర్థం కాదు. వీళ్ళు బంతిని గాల్లోకి తన్నగానే మావాడు ప్రాణం పెట్టి పరుగెత్తి, అవతల దాన్ని పట్టుకున్నవాడిని గుద్ది పడేస్తాడు, మిగతా సేపంతా పక్కన నిలబడతాడు అని చెప్పాను. ఒకావిడ "దీనికి జీతం ఇస్తారా వసంతా" అంది. నవ్వాను గానీ మనసులో కొంచెం గుచ్చుకుంది. కాలేజీ అయ్యాక నిన్ను ఎవరూ పిలవకపోవడం, రెండు జట్లు తీసుకున్నట్టే తీసుకుని పంపేయడం, నువ్వు గరాజ్‌లో బరువులెత్తుతూ ఒక ఏడాది గడపడం వీళ్ళకేం తెలుసు.

అందుకే మొన్న ఆదివారం సాక్ష్యాల సమయంలో లేచి నిలబడ్డాను. "నా కొడుకు రెండేళ్ళుగా గుద్దుకునే ఆట ఆడుతున్నాడు. వాడి తలకి ఒక్క దెబ్బ తగలకుండా ప్రభువు కాపాడాడు" అన్నాను. సంఘమంతా స్తోత్రం చెప్పింది. ఇక మన సంఘం సంగతి తెలుసుగా, అందరి ముందు చెప్పిన మాట మనకంటే ముందు ఊరంతా తిరుగుతుంది. జనవరిలో నువ్వు వచ్చాక ఇంట్లో కృతజ్ఞత కూడిక పెట్టుకుందామని పాస్టర్ గారు అన్నారు.

పోయిన జనవరిలో ఇంటికి వచ్చినప్పుడు వంటింట్లో లైటు వేస్తే కళ్ళకి చెయ్యి అడ్డం పెట్టుకున్నావు. నిద్ర చాలలేదన్నావు. వేళకి నిద్రపో నాన్నా.

నీ అమ్మ
వసంతకుమారి


సెప్టెంబర్ 29

ప్రియమైన అమ్మకి,

వందనాలు. నీ ఉత్తరం లాకర్‌లో పెట్టుకున్నాను. పక్క లాకర్ డేరియస్ ఈ గుండ్రటి అక్షరాలు ఏ భాషవి అని అడిగితే, మా అమ్మ భాష అన్నాను. నేను రాసేది సండే స్కూల్ తెలుగు కాబట్టి మధ్యలో ప్రసంగంలాగా ఉంటే నవ్వుకో, కానీ డాడీకి చదివి వినిపించకు.

డాడీ మేనేజర్ మీద కోపం వద్దని చెప్పు. మా పనిలో పేరు వినపడితేనే భయం. బాగా చేసినంత కాలం ఎవరికీ తెలియదు, ఒక్కసారి తప్పు చేస్తే దేశమంతా తెలుస్తుంది. ప్రతి మంగళవారం బయటినుంచి కొత్తవాళ్ళని పిలిచి గ్రౌండ్‌లో పరుగెత్తించి చూస్తారు. వాళ్ళలో కనీసం ఇద్దరు నా పని చేసేవాళ్ళే ఉంటారు. నేను కిటికీలోంచి చూస్తాను. వాళ్ళు కూడా నన్ను చూస్తారు. నా వైపునుంచి ఒక్క వారం ఖాళీ దొరికితే చాలు వాళ్ళకి.

మొన్న మా ఆట అరిజోనాలో. అయిపోయాక బస్సు దగ్గరికి నడుస్తుంటే కంచె అవతలినుంచి ఎవరో "బాబూ, తెలుగువాళ్ళేనా" అన్నారు. జెర్సీ మీద నేలపూడి అని చూసి గుర్తుపట్టారట. అమలాపురం పక్కనుంచి వచ్చిన పెద్దాయన. కూతురూ అల్లుడూ చాండ్లర్‌లో చిప్‌ల కంపెనీలో ఇంజనీర్లు. నా కోసం పూతరేకుల డబ్బా తెచ్చారు. ఆయన మనవరాలు అవనికి ఎనిమిదేళ్ళుంటాయి. నన్ను పైనుంచి కిందిదాకా చూసి, "నువ్వు బాల్ ఒక్కసారి కూడా పట్టుకోలేదు" అంది. నాకు ఇవ్వరు అన్నాను. తన చేతిలో ఉన్న చిన్న స్పాంజి బంతి కంచె పైనుంచి నాకు అందించి, "అయితే ఇది పట్టుకో" అంది. అమ్మా, మూడేళ్ళలో నా చేతికి ఒకరు బంతి ఇవ్వడం అదే మొదటిసారి.

నాకేమీ కాలేదు. బాగా ఉన్నాను. కారు ఈ మధ్య డేరియస్ డ్రైవ్ చేస్తున్నాడు, నాది సర్వీసింగ్‌లో ఉంది.

నీ కొడుకు
జెరెమీ


ఇర్వింగ్
అక్టోబర్ 12

నా బంగారు కొండ జెరెమీకి,

అవని మాట చదివి నవ్వాను, తర్వాత ఏడుపొచ్చింది. పూతరేకులు ఆ డేరియస్‌కి కూడా పెట్టావా, లేక డబ్బా ఒక్కడివే ఖాళీ చేశావా? మీ డాడీకి అమలాపురం అనగానే ప్రాణం లేచొచ్చింది. ఆ పెద్దాయన ఇంటిపేరు కనుక్కోలేదేమని నీ మీద విసుక్కున్నారు. ఇద్దరు కోనసీమవాళ్ళు ఎదురుపడితే ఇంటిపేరు, చేపల కూర, ఈ రెండూ మాట్లాడుకోకుండా ఎలా విడిపోతారో ఆయనకి అర్థం కాదు.

ఇప్పుడు అసలు సంగతి రాస్తాను. మొన్న ఆదివారం ఆటలో రెండోసారి పరుగెత్తినప్పుడు నువ్వు, అవతలివాడు తలలు గుద్దుకున్నారు. నువ్వు వెంటనే లేచావు. లేచి అవతలి జట్టువాళ్ళ వైపు నడిచావు. పది అడుగులు వేశాక మీవాడొకడు భుజం పట్టి ఇటు తిప్పాడు. టీవీలో మూడు సెకన్లు కూడా చూపించలేదు. నీ ఫ్రెండ్ ఎవరో అటు ఉండి ఉంటాడని డాడీ అన్నారు. నేను ఊ కొట్టాను.

ముప్ఫై ఏళ్ళుగా నర్సు పని చేస్తున్నాను నాన్నా. తలనొప్పి వస్తోందా? వెలుతురు చూడలేకపోతున్నావా? కడుపులో తిప్పుతోందా? నీ కారు నిజంగా సర్వీసింగ్‌లోనే ఉందా? అవును, లేదు అని రాస్తే చాలు. వివరాలు అక్కర్లేదు.

కూడికకి వచ్చేవాళ్ళ లెక్క అరవై దాటింది. దాని సంగతి నువ్వు మనసులో పెట్టుకోకు.

నీ అమ్మ


నవంబర్ 2

ప్రియమైన అమ్మకి,

వందనాలు. నువ్వు అడిగిన మొదటి మూడింటికీ జవాబు ఒకటే, లేదు. కారు సర్వీసింగ్‌లోనే ఉంది. అటు నడిచింది కాలేజీ ఫ్రెండ్‌ని పలకరించడానికి. డాడీ కరెక్ట్‌గా చెప్పారు.

నువ్వు చర్చిలో లేచి నా గురించి చెప్పావు కదా, ఆ రోజునుంచి ప్రతి ఆటకి ముందు అదే అనుకుంటున్నాను. నీ మాట పడిపోనివ్వను. ఇంకా తొమ్మిది ఆటలు. అరవై మంది ముందు నువ్వు నన్ను నిలబెట్టినప్పుడు నాకు ఏ దెబ్బా ఉండకూడదు. నిన్ను అబద్ధాలమనిషిని చేయలేను.

ఇక్కడ అప్పుడే మంచు మొదలైంది. మంగళవారం మళ్ళీ కొత్తవాళ్ళు వచ్చారు. ఒకడు చాలా ఫాస్ట్‌గా ఉన్నాడు.

అన్నట్టు నీకొక సంగతి రాయడం మర్చిపోయాను. అరిజోనాలో ఆట అయ్యాక బస్సు దగ్గరికి వెళ్తుంటే కంచె అవతల ఒక తెలుగు పెద్దాయన పిలిచాడు. అమలాపురం వైపట, డాడీకి చెప్పు, సంతోషపడతారు. పూతరేకులు తెచ్చాడు. ఆయన మనవరాలు ఒకటుంది, చిన్నది. నేను బాల్ ఒక్కసారి కూడా పట్టుకోలేదంది. నాకు ఇవ్వరు అన్నాను. తన స్పాంజి బంతి నా చేతిలో పెట్టి, ఇది పట్టుకో అంది. మూడేళ్ళలో నా చేతికి ఒకరు బంతి ఇవ్వడం అదే మొదటిసారి అమ్మా. ఈ సంగతి నీకు తప్పకుండా రాయాలని అప్పుడే అనుకున్నాను, ఎలాగో మర్చిపోయాను.

నీ కొడుకు
జెరెమీ


ఇర్వింగ్
నవంబర్ 21

జెరెమీ,

ఈ ఉత్తరం నీకు చేరేసరికి నేను చేసిన పని నీకు తెలిసిపోయి ఉంటుంది. అయినా నా చేత్తో నేను రాయాలి.

సెప్టెంబర్‌లో నువ్వు రాసిన ఉత్తరం, ఈ నెల రాసింది, రెండూ టేబుల్ మీద పక్కపక్కన పెట్టి చదివాను. అవని సంగతి నువ్వు నాకు ముందే రాశావు. నేను దానికి జవాబు కూడా రాశాను. నువ్వు ఆ జవాబు చదివావు, అందులోని ప్రశ్నలకి లేదు అని రాశావు, ఆ కాగితం మీదే అవని కథ మళ్ళీ మొదటినుంచి చెప్పావు. నా వార్డులో ఎవరి కొడుకైనా ఇలా చేస్తే ఆ తల్లికి నేను ఏం చెబుతానో నాకు తెలుసు.

రెండు ఉత్తరాలకీ జిరాక్స్ తీసి మీ టీమ్ డాక్టర్‌కి పంపాను. ఇంగ్లీషులో ఒక పేజీ రాసి, ఒకే సంగతి ఉన్నచోట రెండింట్లోనూ గీత గీశాను. నీకు ముందు చెప్పలేదు. చెబితే వద్దని బతిమాలేవాడివి, నువ్వు బతిమాలితే నేను ఆగిపోయేదాన్ని. నీ ఉద్యోగం పోతే అది తీసింది ఆ మంగళవారం కుర్రాళ్ళు కాదు, నేను.

డాడీకి చెప్పాను. వాడి నోటి దగ్గర కూడు లాగేశావు అన్నారు. నాలుగు రోజులుగా మా ఇద్దరి మధ్యా మాటల్లేవు. ఆయన్ని తప్పు పట్టను. రాత్రింబవళ్ళు నీతో పాటు పరుగెత్తినంత పని చేశారు ఆయన.

ఇంకొకటి ఉంది, దీనికంటే కష్టమైనది. జనవరిలోనే నాకు తెలుసు. వంటింట్లో కళ్ళకి చెయ్యి అడ్డం పెట్టుకున్న రోజునే తెలుసు. ఆ వారంలో నువ్వు ఒకే గ్లాసు రెండుసార్లు కడిగావు, ఇంటి తలుపు కోడ్ మర్చిపోయి బయట నిలబడ్డావు. ఇంకొకరి పిల్లాడైతే ఆ పూటే స్కానింగ్‌కి పంపేదాన్ని. నీ విషయంలో నోరు మూసుకున్నాను. తెలిసి తెలిసీ సెప్టెంబర్‌లో లేచి ఒక్క దెబ్బ తగల్లేదని సాక్ష్యం చెప్పాను. దేవుడి ముందు గట్టిగా అనేస్తే ఆయన దాన్ని నిజం చేసి పెడతాడని నా ఆశ. ఇంత చదువుకుని, ఇన్నేళ్ళు చర్చికి వెళ్ళి, నేను చేసిన పని ఇది. నేను ఆయనకి అబద్ధం చెప్పాను, నువ్వు నా అబద్ధాన్ని నీ తలతో మోశావు.

మొన్న ఆదివారం మళ్ళీ లేచాను. "నా కొడుకు తలకి దెబ్బలు తగిలాయి. నాకు తెలుసు. నేను మీ ముందు అబద్ధం చెప్పాను" అన్నాను. ఈసారి ఎవరూ స్తోత్రం చెప్పలేదు. పాస్టర్ గారు ప్రార్థన చేశారు. కూడిక మానేశాం.

నన్ను తిట్టాలనిపిస్తే తిట్టు. రాసి తిట్టు, ఫోన్‌లో వద్దు. నేను దాచుకుంటాను.

అమ్మ


డిసెంబర్ 14

అమ్మకి,

ఇన్ని రోజులు రాయకపోవడానికి కారణం కోపమే. ఆ మాట ముందే రాస్తున్నాను. మొదటి వారం నీ నంబర్ బ్లాక్ చేశాను. డాడీ ఫోన్ చేస్తే మాట్లాడాను, నీ గురించి చెప్పబోతే పెట్టేశాను.

నీ కవరు అందిన రోజు డాక్టర్ నన్ను తన గదికి పిలిచాడు. రెండు కాగితాలు నా ముందు పెట్టాడు. నువ్వు రాసిన ఇంగ్లీషు పేజీ మాత్రం చూపించలేదు. నాకు ఈ భాష రాదు, నువ్వే ఇంగ్లీషులో చదివి చెప్పు అన్నాడు. సరే, ఇందులో ఏముంది, అమ్మకి రాసిన కబుర్లే కదా అనుకున్నాను. మొదటిది చదివాను. పెద్దాయన, పూతరేకులు, అవని. ఆయన నోట్స్ రాసుకున్నాడు. రెండోది తీశాను. మంచు, మంగళవారం, ఒకడు ఫాస్ట్‌గా ఉన్నాడు. తర్వాత పెద్దాయన వచ్చాడు. పూతరేకులు వచ్చాయి. నేను చదువుతూనే ఉన్నాను అమ్మా. నా చేతికి ఒకరు బంతి ఇవ్వడం అనేదాకా వెళ్ళాక, అదే ఇంగ్లీషు వాక్యం ఐదు నిమిషాల కిందట నా నోటితోనే అన్నానని తెలిసి ఆగిపోయాను. డాక్టర్ పెన్ను కింద పెట్టాడు.

రెండోది రాసిన రోజు నాకు బాగా గుర్తుంది. నీకు ఒక మంచి సంగతి చెబుతున్నానని ఎంత సంతోషంగా రాశానో గుర్తుంది. మొదటిది రాసినట్టే గుర్తు లేదు. అక్షరాలు మాత్రం నావే.

పరీక్షలన్నీ చేశారు. ఇక ఆడనివ్వరు, ఇక్కడా, ఎక్కడా. ఇరవై ఆరేళ్ళకి అయిపోయింది. డేరియస్‌కి మొదటినుంచీ తెలుసట. వాడు నా కారు తాళాలు తీసుకున్నప్పుడే నాకూ తెలిసి ఉండాల్సింది, కారు సర్వీసింగ్‌కి ఇచ్చానని నేనే నమ్మాను. నీకు రాసింది అబద్ధం కాదమ్మా. నేను నమ్మిందే రాశాను. నా చోటుకి ఆ ఫాస్ట్‌గా ఉన్నవాడిని తీసుకున్నారు. ఆదివారం ఆట టీవీలో చూశాను. బాగా పరుగెత్తాడు. గుద్ది లేచి, సరైన వైపే నడిచాడు. వాడి అమ్మ ఎక్కడుంటుందో అనుకున్నాను.

నువ్వు చేసినదానికి థాంక్స్ చెప్పడానికి ఇంకా మనసు రావడం లేదు. ఎప్పుడొస్తుందో తెలియదు. కానీ శుక్రవారం ఇంటికి వస్తున్నాను. డాడీని ఎయిర్‌పోర్ట్‌కి రమ్మను. నువ్వు కూడా రా. ఇద్దరూ ఒకే కారులో రండి.

ఇంకొక్క మాట. ఇది రాయడానికి మూడు రోజులు పట్టింది, మధ్యలో రెండుసార్లు చింపేశాను. అందుకే అడుగుతున్నాను. ఈ ఉత్తరం నేను నీకు ఇంతకుముందే రాసి ఉంటే చెప్పు అమ్మా. దాచకుండా చెప్పు.

నీ కొడుకు
జెరెమీ