ఓడ టపాలో వేశాను

1957 ఆగస్టు 6, మంగళవారం. బటాంగ్ బెర్జుంటై, మలయా.

మా రబ్బరు తోట ఫ్రెంచి దొర రెండు నెలల వేసవి సెలవులకు తన దేశం వెళ్లాడు. ఆగస్టు వస్తే అక్కడ రొట్టెల కొట్టువాడు కూడా తలుపులు మూసి సముద్రానికి పోతాడట. వెళ్లే ముందు, తోట గుమస్తాను కదా, నాకో కాగితం రాసిచ్చాడు. సెలవుల్లో తనకు తంతి కొట్టకూడదు, ఏమున్నా ఓడ టపాలో ఉత్తరం చాలు. కింద సంతకం.

ఈ రోజు కౌలాలంపూర్ నుంచి కబురొచ్చింది. కంపెనీ పెద్ద దొర ఇరవయ్యో తేదీన తనిఖీకి వస్తున్నాడు. మా దొర లేకపోతే ఆ కుర్చీకి వేరొకరిని చూస్తారట. ఓడ టపా చేరేలోపు ఇక్కడ మెర్డెకా, ఈ నెలాఖరున వచ్చే స్వాతంత్ర్యం, కూడా అయిపోతుంది.

ఆ కబురు ఓడ టపాలోనే వేశాను. ఇసుకలో పడుకొని ఉంటాడు. పడుకోనీ.

మా ఆవిడ భయపడింది. "ఏటండీ, తంతి కొట్టలేదా? దొర వచ్చి అడిగితే ఏటి సెప్తారు?"

"ఆయన రాసిచ్చిన కాగితమే సూపిస్తాను లా," అన్నాను.

రెండేళ్ల కిందట సుంగై పెటానీలో అమ్మ పోయిందని తంతి వస్తే, నాలుగు రోజులు సెలవడిగాను. చెట్లు ఆకు రాల్చే నెలలో అడుగు, అప్పుడు పాలు తీసే పని ఉండదు అన్నాడు దొర. అడవిలోని తిరుగుబాటుదార్ల భయంతో తోట చుట్టూ వేసిన ముళ్లకంచె దాటాలంటే ఆయన చీటీ కావాలి. ఇవ్వలేదు. పెద్ద కొడుకును నేనుండగా తమ్ముడు తలకొరివి పెట్టాడు.

దొర కాగితాన్ని పెట్టెలో ఆ తంతి పక్కనే పెట్టాను. ఆయన తిరిగొచ్చి అడిగిననాడు రెండింటిలో ఏది ముందు తీయాలో ఇంకా తేల్చుకోలేదు.