హ్యూ కోటలో అల్లం

దియెప్ వాళ్ళమ్మా, రాజుల కోటకి కొత్త బూట్లేసుకెళ్ళాల్సిందేనన్నావుగా, రెండు మడమలూ బొబ్బలెక్కాయి. ఇవాళ మన పిల్లకి గైడు పరీక్ష. "నాన్నా, నువ్వొచ్చావని తెలిస్తే నవ్వుతారు. గుంపులో ఎవరోలా నడు, ఒక్క మాట మాట్లాడకు" అని ఒట్టేయించుకుంది. పరీక్ష పెట్టే పెద్దాయన వెనకాలే రాసుకుంటూ వచ్చాడు. రాజుల గుడి ముందు తొమ్మిది కంచు గంగాళాలున్నాయి చూడు, అక్కడిదాకా గలగలా చెప్పింది. అక్కడొకావిడ గంగాళం మీద చెక్కిన మొక్కని చూపించి "ఇదేంటమ్మా?" అంది. పిల్ల బిక్కమొహం వేసింది. ముప్పయ్యేళ్ళుగా దొడ్లో ఆ మొక్కనే పండిస్తున్నా, నాకు తెలీదా? కానీ ఒట్టేశానే! బస్సులో కడుపు తిప్పకుండా నువ్వు జేబులో పెట్టిన అల్లం తీసి, పిల్లకి కనబడేలా కరకరా నమిలాను. నోరైతే తెరిచాను, మాట మాత్రం రానివ్వలేదు. "అల్లమండీ! మా అమ్మ మా నాన్న జేబులో పెడుతుంది" అనేసింది పిల్ల. పెద్దాయన కూడా నవ్వాడు!

పంది ఈనిందా? నేనొచ్చేదాకా అల్లం తవ్వకు. మీ అమ్మగారికి నా దండాలు. ఫలితం కోసం కోట గుమ్మంలో కూర్చుని రాస్తున్నా. అదిగో, "నాన్నా, పాసయ్యా, తొందరగా రా!" అని అందరూ వినేలా అరుస్తోంది, నన్ను మాట్లాడొద్దన్న మనిషే! వెళ్తున్నా, ఈ బూట్లు చేత్తో పట్టుకుని