పదకొండు నిమిషాల పండగ

గడియారం తాతగారికి,

పండగ సంఘం కార్యదర్శి నమస్కారాలు. మన పదకొండు నిమిషాల పండగకి ఈసారి ఇరవై అయిదేళ్ళు నిండుతున్నాయి. లోకమంతా ఒక కాలం, మన ఊళ్ళో మాత్రం పదకొండు నిమిషాలు ముందు. ఈ వింత ఏమిటో చూడ్డానికి పైఊరి నుంచి ఒక గడియారాల నిపుణుణ్ణి పిలిచాం. పండగనాడు జనమంతా వీధిలో కూర్చుని ఆ పదకొండు నిమిషాలూ మాట్లాడకుండా ఉంటారు కదా, అప్పుడు ఆయన పైకెక్కుతారు. గడియార స్తంభం తాళంచెవి శుక్రవారంలోగా ఆఫీసులో ఇవ్వగలరు.

ఇట్లు,
కార్యదర్శి

తా.క. మీరు మెట్లెక్కనక్కర్లేదు. ఆ రోజు హాయిగా కింద కూర్చోండి.

*

అమ్మా కార్యదర్శిగారికి,

ఉత్తరం అందింది. తాళంచెవి పోయింది. వెతుకుతున్నాను. నలభై ఏళ్ళుగా ఆ గడియారానికి కీ ఇస్తున్నవాణ్ణి. నన్ను కింద కూర్చోమనడం ఎందుకో తెలియలేదు. రాయడం నాకు చాతకాదు. ఇంతే.

ఇట్లు,
గడియారం మనిషి

తా.క. ఇవాళ పొద్దున పైకెళ్ళి కీ ఇచ్చి వచ్చాను. బాగానే నడుస్తోంది.

*

తాతగారికి,

తాళంచెవి పోతే పైకి ఎలా వెళ్ళారు? ఎగిరి వెళ్ళారా? మంగళవారం మీరు స్తంభంలోంచి ఒక సంచి మోసుకుని దిగడం మూలకొట్టు టైలరు చూశాడు. అందులో ఏముందంటే ఏం లేదన్నారట. ఏం లేని సంచికి అంత వంగిపోయి నడవరు. లోపల ఇత్తడి చక్రాలు పద్నాలుగు ఉండాలని మా పాత కాగితాల్లో ఉంది.

ఇట్లు,
కార్యదర్శి

తా.క. నాకు మీ మీద అనుమానం లేదు. సంఘంలో మిగతావాళ్ళకి ఉంది. వాళ్ళకి సంచి సంగతి చెప్పింది నేనే.

*

అమ్మా,

సంచిలో ఉన్నది పావురాల రెట్ట. నమ్మరని ఈ ఉత్తరంతో పంపుతున్నాను. చక్రాలు పద్నాలుగు కాదు, పదిహేను. ఒకటి అరిగిపోతుందని నేనే ఇంకోటి చేయించి పక్కన పెట్టాను. తాళంచెవి దొరికింది కానీ తలుపు రావడం లేదు. వానకి ఉబ్బింది. ఆ నిపుణుణ్ణి నా పనిలో పెడుతున్నారా? తిన్నగా చెప్పండి.

ఇట్లు,
గడియారం మనిషి

తా.క. సంచి తిరిగి పంపండి. మా ఆవిడది.

*

తాతగారికి,

సంచి పంపాం. మూడు రోజులుగా ఆఫీసు కిటికీలన్నీ తెరిచే ఉన్నాయి.

వాన పడి నెల దాటింది. శుక్రవారానికి తాళంచెవి రాకపోతే తలుపు పగలగొట్టిస్తాం. అప్పుడు ఆ పని ఇక మీది కాదు. ఏం దాస్తున్నారు తాతగారూ?

ఇట్లు,
కార్యదర్శి

తా.క. తలుపు నేనే వచ్చి తోశాను. లోపల గడియ వేసి ఉంది. ఎవరో తుమ్మారు.

*

అమ్మా,

తుమ్మింది నేనే.

ఇరవై ఏడేళ్ళ కిందట మా ఆవిడ మిల్లులో పనిచేసేది. మన గడియారం చూసి ఆరింటికి వదిలేవారు. బస్సు పక్కఊరిది. వాళ్ళ టైముకి ఆరూ అయిదుకి తియ్యాలి. మా ఆవిడకి కాలు కుంటు. బస్సు దగ్గరికి పదహారు నిమిషాల నడక. రోజూ పడుతూ లేస్తూ ఉరికేది. పైనుంచి చూసేవాణ్ణి. చూడలేకపోయాను. పదహారులో అయిదు తీసేస్తే పదకొండు. ముల్లు అంత ముందుకు జరిపాను. ఆమెకి చెప్పలేదు. సిగ్గేసింది.

ఊళ్ళో అందరూ దాన్ని చూసే వాచీల్లో, గడియారాల్లో టైము పెట్టుకున్నారు. పైఊరివాళ్ళు వచ్చి, మీ ఊళ్ళో కాలమే వేరు అన్నారు. అప్పటి సంఘం పండగ పెట్టింది. నేను నోరు మూసుకున్నాను.

ఆరేళ్ళ కిందట ఆమె పని మానేసింది. ఆ రోజే ముల్లు వెనక్కి జరిపేశాను. ఇప్పుడది సరైన టైమే చూపిస్తోంది. నిపుణుడు చూస్తే అక్కడ ఏ వింతా లేదని చెప్తాడు. పండగ పోతుంది. ఊరంతా నన్ను మోసగాడంటుంది. తాళంచెవి ఇందులో పెట్టాను. మీ ఇష్టం.

ఇట్లు,
గడియారం మనిషి

తా.క. వాన సంగతి అబద్ధం. రెట్ట నిజం.

*

తాతగారికి,

తాళంచెవి అందింది. ఈ ఉత్తరంతోనే తిరిగి పంపుతున్నాను.

ఊళ్ళో ప్రతి ఇంట్లో గడియారం ఇప్పటికీ పదకొండు నిమిషాలు ముందే ఉంది. మీరు మీది తప్ప ఇంకో గడియారం చూడరు కాబట్టి మీకు తెలియలేదు. స్తంభం ఒక్కటే వెనకబడిందని ఆరేళ్ళుగా అందరికీ తెలుసు. పెద్దాయనకి చూపు ఆనడం లేదు పాపం, చెబితే చిన్నబుచ్చుకుంటారని ఒక్కరూ నోరు విప్పలేదు. వింత చూడ్డానికని మీతో అన్నాం గానీ, నిపుణుణ్ణి పిలిచింది మీకు తెలియకుండా ముల్లు ముందుకు జరిపించడానికే. మిమ్మల్ని కింద కూర్చోమన్నదీ అందుకే.

ఇక ఆయన రానక్కర్లేదు. పండగలోపు ఆ పదకొండూ మీ చేత్తోనే జరిపేయండి. ఈ సంగతి సంఘానికి చెప్పలేదు. ఈసారి నిజంగానే.

ఇట్లు,
కార్యదర్శి

తా.క. ఆ బస్సు డ్రైవరు మా నాన్న. మీ ఆవిడ కుంటుకుంటూ వస్తుందని రోజూ పదకొండు నిమిషాలు బస్సు ఆపేవాడు. ఆ అలవాటు మీద ఆరూ పదహారుకే తీసేవాడు. ఒకనాటి నుంచి ఆమె ముందే వచ్చి కూర్చుని, "ఇంకా తియ్యవేం బాబూ, నీకు టైమంటే లెక్కలేదా?" అని రోజూ దులిపేదట. అదేమిటో ఇన్నేళ్ళూ ఆయనకి అర్థం కాలేదు. ఇవాళ మీ ఉత్తరం చదివి వినిపించాను. పండగనాడు మీ పక్కన కూర్చుంటాడట. అప్పుడు ఎలాగూ మాట్లాడకూడదు కాబట్టి మీరు సిగ్గుపడక్కర్లేదు.