ముసలి ఆవులు నోరీన్‌కు, హెలికాప్టర్ డెస్మండ్‌కే

నా కూతురు నోరీన్ వెళ్లిపోవడం లేదు. ఈ పశువుల స్టేషన్‌లోనే, అంటే మందలు మేపే మా భూముల్లోనే, ఉంటుంది. పొద్దున దొడ్డి గేటు దగ్గర తనే చెప్పింది, నా చెవులారా విన్నాను.

ఉత్తర ఆస్ట్రేలియాలోని కొరెల్లా డౌన్స్ స్టేషన్ యజమాని యూస్టస్ హాలిగన్ అనే నేను, మోకాళ్లు తప్ప తక్కినవన్నీ, ముఖ్యంగా బుర్ర, సరిగ్గా ఉండగా, ఎవరి బలవంతమూ లేకుండా, సంతోషం పట్టలేక రాసుకున్న వీలునామా ఇది. పాతది చెల్లదు. ఉండేవాళ్లు లేకపోతే స్టేషన్ అమ్మి పంచుకోమని అందులో రాశాను. ఇప్పుడు ఉండే మనిషి ఉంది.

1. భూమి, బోర్లు, పశువులు, వాటి మీద వేసే మా ముద్ర, అన్నీ నోరీన్‌కు.

2. ఎర్రమొహం ముసలి ఆవులు కూడా నోరీన్‌కే. వాటిని కబేళాకు తోలమని నా కొడుకు డెస్మండ్ ఒకటే నస. అడవిపట్టిన పశువు మనిషిని చూస్తే పారిపోతుంది, ఇలాంటి సాధు ఆవుల గుంపు కనబడితే అందులో దూరి నెమ్మదిస్తుంది. ఇంత చిన్న సంగతి తెలియనివాడు పశువుల మధ్య పుట్టి ఏం లాభం?

3. డెస్మండ్ తెచ్చిన హెలికాప్టర్ డెస్మండ్‌కే. మొన్న దాంతో మందను తరిమాడు. దూడలు వెనకబడ్డాయి. తల్లులు ఊరుకుంటాయా? కంచె తొక్కుకుని వెనక్కి పోయాయి. ఈ మహానుభావుడు పైనుంచి చెయ్యి ఊపుతున్నాడు. పట్నం పోవడానికి సామాను సర్దుకున్న నోరీన్ సంచి దించి గుర్రమెక్కింది. కాపరి డగ్లస్‌తో కలిసి ముసలి ఆవుల్ని తోలుకెళ్లి, దూడలు తల్లుల్ని చేరేదాకా ఆగి, ఈ పొద్దున మందనంతా నడిపించుకొచ్చింది. గేటు మూస్తూ, "నాన్నా, విమానంలో నా సీటు ఇంకెవరికైనా ఇచ్చెయ్యమను. ఈ ముసలమ్మల్ని నీ కొడుక్కి వదిలేసి పోతానా?" అంది.

"వాటితోపాటు నువ్వూ ముసలిదానివవుతావు" అన్నాడు వాడు.

"అవుతాలే అన్నయ్యా. నువ్వు పైనుంచి దుమ్ము లేపుకో."

వాడికి నా వసారా కుర్చీ కూడా ఇస్తున్నాను, కూర్చుని సలహాలివ్వడానికి.

4. నా మంచి జీను డగ్లస్‌కు. మడుగు పక్కన, మేం ఇక్కడికి రాకముందునుంచీ అతనివాళ్లు ఉండే నేల ఇవ్వడానికి ఎన్నడూ నాది కాదు. వాళ్లను అక్కడినుంచి ఎవరూ కదపకూడదని మాత్రం రాస్తున్నాను.

5. నోరీన్‌కు వాళ్లమ్మ ఎండ టోపీ. గడ్డం కింద కట్టుకునే తాడు తెగితే కొత్తది నేనే వేశాను. కుట్టు వంకర, ఏమనుకోకు తల్లీ.

ఇదంతా అమలు చేసే బాధ్యత నోరీన్‌దే. డెస్మండ్‌కిస్తే గాల్లోంచి చేస్తాడు.

14 సెప్టెంబరు 1979
(సంతకం) యూస్టస్ హాలిగన్
సాక్షులు: లెస్టర్ క్విల్టీ (వంటవాడు), బ్రూనో మరెట్టా (తపాలా విమానం నడిపేవాడు)

కబురు చెప్పవలసిన బంధువులు:
మా అక్క విన్నీ. ఏడుస్తుంది, కూర్చోబెట్టి చెప్పండి.
తమ్ముడు కార్మాక్. ఆడపిల్ల స్టేషన్ ఏం నడుపుతుందన్నవాడు, రెండుసార్లు చెప్పండి.
మరదలు ఐడా.
డెస్మండ్ అత్తగారు. స్టేషన్ అమ్మిన డబ్బుతో కొనిపించుకుందామని సముద్రం ఒడ్డున ఇల్లు చూసి పెట్టుకుంది. ఆమెకు ఫోనుకు బదులు మేం మాట్లాడుకునే రేడియోలో చెప్పండి, చుట్టుపక్కల పశువుల స్టేషన్లన్నీ వింటాయి.