బిలాసూర్ నగరంలో నేను అంటించిన ఆస్పత్రి

అల్ ఖోబర్,
నవంబరు 9.

దమ్మాం శిబిరమునకు నెలకొకసారి విచ్చేయు భారతీయ కార్మిక సంక్షేమ అధికారి గారి సముఖమునకు, చీరాల వాస్తవ్యుడును, ప్రస్తుతము అల్ ఖోబర్‌లో భవన నమూనాలు చేయు పనివాడును అగు గోసాల కొర్నేలు విన్నవించుకొనునది.

విషయం: బిలాసూర్ నగరములో ఇంతవరకు కట్టని ఆస్పత్రి గురించియు, దానిని నమ్మి ఉద్యోగము వదులుకొన్న నర్సు సుజితను తిరిగి పాత కొలువులో చేర్పించుట గురించియు.

అయ్యా,

గత శుక్రవారం శిబిరములో తమరు నన్నును, నా మరదలు సుజితను కూర్చోబెట్టి, "బిలాసూర్ కంపెనీ వాళ్లు మోసం చేశారా? అయితే ఉన్నది ఉన్నట్టు తెలుగులోనే రాసివ్వండి. నేను హాస్పిటల్ వాళ్లతో మాట్లాడతాను" అని సెలవిచ్చి యున్నారు. నేను అవునన్నట్టు తల ఊపితిని. ఆ తల ఊపుటయే ఇప్పుడు నా మెడ మీద కూర్చున్నది. కావున ఈ క్రింది అంశములు దాచక వ్రాయించుచున్నాను.

1. నా పని ఏమనగా, ఇంజనీర్లు ఇచ్చిన నక్షా చూచి అట్టతోను, ప్లాస్టిక్ పలకలతోను చిన్న ఊళ్లు చేయుట. పదకొండేళ్లుగా ఇదే పని. నక్షాలో గీత ఉన్నచోట గోడ పెట్టవలెను, లేనిచోట ఖాళీ వదలవలెను. మా మేనేజరు అబ్దుల్ ఘనీ గారు హైదరాబాదు మనిషి. చేరిన రోజే నాకు చెప్పినారు: "నక్షాల ఉన్నదే కట్టాలె కొర్నేలు. నీ తెలివి ఇంట్ల పెట్టుకొని రావాలె." ఆ మాట విననందువల్లనే ఈ అర్జీ.

2. నిరుడు వేసవిలో బిలాసూర్ కంపెనీ వారు మా షాపుకు వచ్చినారు. అందరూ ముప్పయ్యేళ్ల లోపువారే, మర్యాదస్తులు. బిలాసూర్ అనగా అరబీలో గోడ లేనిదని అర్థమట. ఎడారిలో ప్రైవేటుగా నగరము కట్టెదరట. అక్కడ వీసా ఇచ్చి మనిషిని తన కింద ఉంచుకొనే కఫీల్ ఉండడు, ఎవరి కింద ఎవరూ ఉండరు, వచ్చినవాడల్లా పౌరుడే, ప్రతి పౌరునికి కుటుంబముతో సహా ఇల్లు. నక్షాలో ఏడు సరస్సులు, ఎగిరే టాక్సీలకు మూడు స్టేషన్లు, మాట్లాడకుండా నడుచుటకు ఒక తోట ఉన్నవి. ఆస్పత్రి మాత్రము లేదు. అడిగితే, ఇంటి గోడల్లోని యంత్రములు జబ్బును ముందే పసిగట్టును గనుక అవసరము లేదన్నారు. వీధులు ఊడ్చేవారు ఎక్కడ ఉంటారో అని కూడా నేను భూతద్దము పెట్టి వెతికినాను అయ్యా, దొరకలేదు.

3. ఇక్కడ నా పాత అలవాటు ఒకటి తెలుపుకొనవలెను. మా పేటలో క్రిస్మస్‌కు చర్చి ఆవరణలో పశువుల పాక కట్టే పని చిన్నప్పటి నుండి నాదే. గోనెసంచులతో కొండలు, అద్దం ముక్కతో చెరువు, రాగులు మొలకెత్తించి పొలము. ఆ పైన బెత్లెహేములో లేనివన్నీ పెట్టేవాళ్లము. ఒకరు ఆర్టీసీ బస్సు, ఒకరు వాటర్ ట్యాంకు, మా అమ్మ అడిగితే ఒక రేషను షాపు. ఎవరికి ఏది లేకపోతే అది పెట్టుకొనుట మాకు ఆనవాయితీ. పాస్టరు గారు చూచి నవ్వి ఊరుకొనేవారు. పాకలో ఎన్ని పెట్టినా ఎవరికీ నష్టము లేదు. ఊరి నమూనా కూడా అటువంటిదే అనుకొనుట నా బుద్ధితక్కువ.

4. సదరు సుజిత నా భార్య లీలకు చెల్లెలు. ఇక్కడొక ప్రైవేటు ఆస్పత్రిలో ఆరేళ్లుగా నర్సు. హాస్టలులో ఉండవలెనని షరతు గనుక ఆమె భర్త స్టాన్లీని, కూతురు రూబీని తెచ్చుకొనుటకు వీలు లేదు. రూబీకి ఏడేళ్లు. అందులో తల్లి దగ్గర గడిపినది మొత్తం కలిపినా రెండు సంవత్సరములు కాదు. ఒక శుక్రవారం భోజనానికి వచ్చి, నా ఫోనులో నమూనా ఫొటో చూచి, "బావా, ఇంతూళ్లో ఆస్పత్రి లేదేంటి? పిల్లకి జ్వరమొస్తే ఎక్కడికెళ్తారు?" అని అడిగినది. "మర్చిపోయుంటార్లే, పెడతార్లే" అన్నాను. మరునాడు షాపులో, మునుపెప్పుడో ఒక బడి నమూనా చేయగా మిగిలిన నాలుగంతస్తుల ముక్క కనబడినది. దానికి తెల్ల రంగు వేసి, పైన ఆస్పత్రి గుర్తుగా ఎర్ర నెలవంక గీసి, మూడో సరస్సు ఒడ్డున అంటించినాను. నన్నెవరూ అడగలేదు. నక్షాలో లేదు. కంపెనీ వారు ఎన్నడూ చెప్పలేదు. ఆ ఆస్పత్రి నాది.

ఈ వాక్యము వ్రాయు క్షణము వరకు ఈ సంగతి సుజితకు తెలియదు.

5. కంపెనీ వారు చూచి, బాగుందనుకొన్నారో, తమలోనే ఎవరో పెట్టమన్నారనుకొన్నారో, ఊరుకొన్నారు. ఫొటో వారి పుస్తకములో అచ్చయినది. సుజిత ఆ పుస్తకము తెచ్చి నా ముందు పెట్టి, "బావా, ఇది ఖాయమేనా? నిజం చెప్పు. ఇక్కడ మళ్లీ రెండేళ్లకి సంతకం పెట్టమంటున్నారు" అని అడిగినది. అప్పుడు చెప్పవలసినది. నోటి దాకా వచ్చినది కూడా. కాని ఆమె ఆ ఫొటోలో మూడో అంతస్తు కిటికీ మీద వేలు పెట్టి, "పిల్లల వార్డు ఇక్కడ పెడతారేమో" అన్నది. ఆ ముఖము చూచి, "నా చేత్తోనే కట్టానమ్మా, ఇంకేం కావాలి?" అన్నాను. నా జన్మలో ఇంత గొప్పగా నేనెవరికీ కనబడలేదు అయ్యా. ఆ సరదాకు ఆమె ఉద్యోగము పోయినది. తన పేరు కంపెనీ వారికి పంపితే, మొదటి పౌరుల జాబితాలో రెండు వందల పన్నెండవ వారిగా చేర్చితిమని జవాబు వచ్చినది. దానినే ఆమె కొలువు అనుకొన్నది. రాజీనామా ఇచ్చినది.

6. అంతటితో పోలేదు. ఆమె రాజీనామా ఆమోదమైన రెండు వారములకు కంపెనీ నుండి మా షాపుకు ఉత్తరము: ఆస్పత్రి చూస్తే జనానికి జబ్బులు గుర్తొస్తున్నవి, తీసివేయగలరు. బ్లేడు పెట్టి నేనే ఊడదీసినాను. అడుగున గమ్ము మరక మిగిలితే దాని మీద పచ్చగడ్డి పొడి చల్లినాను. ఆ సాయంత్రమే సుజిత ఫోను చేసి, రూబీకి బిలాసూర్‌లో చదువు ఏ భాషలో ఉంటుందని అడిగినది. ఇంగ్లీషేనని చెప్పినాను. ఎందుకు చెప్పినానో ఈనాటికీ తెలియదు.

7. కొలువులో ఎప్పుడు చేరవలెనని ఆమె అడుగగా, తమ నగరములో ఆస్పత్రియే లేదని కంపెనీ వారు జవాబిచ్చినారు; వారే మోసగించినారని ఆమె అనుకొన్నది. ప్రస్తుతము ఆమెకు కొత్త కఫీల్ దొరకుటకు ఇచ్చిన గడువులో ఇంకా పందొమ్మిది రోజులే ఉన్నవి. ఆ తరువాత ఈ దేశములో ఉండనిచ్చే ఇకామా చెల్లదు. ఇంటికి పోవలసినదే. అక్కడ ఇంటిల్లిపాదీ ఆమె జీతము మీద బతుకుచున్నారు. పాత ఆస్పత్రిలో నర్సులందరికీ పైఅధికారి అగు నర్సింగు పెద్దమ్మ గారు దయగల మనిషి. ఎవరి మాట వల్ల మోసపోయి రాజీనామా ఇచ్చినదో వ్రాతపూర్వకముగా రుజువు చూపితే వెనక్కు తీసుకొందుమన్నారు. ఆ రుజువు ఈ కాగితమే.

8. నిన్న అబ్దుల్ ఘనీ గారికి ముందుగా చెప్పినాను. ఆయన టీ గ్లాసు పక్కన పెట్టి, "ఇది బయటికి పోతే సేటు నీకు ఖురూజ్ కొట్టించి ఇంటికి పంపిస్తడు, ఇంక ఈ దేశంల నీకు పని లేదు. మంచిగ ఆలోచించుకో" అన్నారు. ఆలోచించుకొన్నాను. చీరాల నుండి లీల కూడా ఫోనులో ఒకటే మాట అన్నది: "చెల్లి నీ మాట మీదే కదా మానేసింది." ఆమెకు కూడా సగమే తెలుసు.

కనుక కంపెనీ మీద నేరము మోపవద్దని, నా పేరు ఎక్కడా దాచవద్దని, పందొమ్మిది రోజులు గడవక మునుపే ఈ అర్జీని నర్సింగు పెద్దమ్మ గారికి పంపవలెనని వేడుకొనుచున్నాను. నన్ను క్షమించమని అడుగుటకు ఇది చోటు కాదు. అడుగవలసినది తమరిని కాదు. ఇది తమ చిత్తమునకు తెచ్చుకొని తగు చర్య గైకొనగలరు.

తమ విధేయుడనని వ్రాసుకొనుటకు అర్హత చాలని,
గోసాల కొర్నేలు
(ఎడమచేతి సంతకము)

తా.క.: సార్, నేను సుజితను. పైన రాసిందంతా నా రాతే. షాపులో వేడి గమ్ము పడి బావ కుడిచేయి కాలింది, కట్టుంది. పెన్ను పట్టుకోలేడు. కంపెనీ మీద కంప్లయింటు అనుకుని కూర్చున్నాను. నాలుగో అంశం దగ్గర పెన్ను కింద పెట్టేశాను. బావ గోడ వైపు తిరిగి "రాయమ్మా" అన్నాడు. చాలాసేపటికి రాశాను. ఒక్క మాట కూడా మార్చలేదు, చూసుకోండి.

బావ ఉద్యోగం కూడా పోకుండా చూడమని రాద్దామని ఉంది. ఇవాళ చేయి రావడం లేదు. ఆయనతో మాట్లాడటం మానేశాను. రేపు పొద్దున్నే కట్టు మార్చాలి. ఇక్కడ ఇంకెవరికీ చేతకాదు కాబట్టి నేనే మారుస్తాను, కానీ మాట్లాడను.