మారయ్య భార్య ఓటు

నల్లగొండ,
జూన్ 1962, గురువారం.

శ్రీవారికి నమస్కారాలు.

ఇక్కడ నేను క్షేమం. ఇంట్లో అందరూ క్షేమమేనని విన్నాను. చూసి చాలా రోజులైంది కనుక విన్నానని మాత్రమే రాయగలను. భిలాయిలో ఈ ఎండలకు మీరెలా ఉన్నారోనని ఫికరుగా ఉంది.

మీ ఉత్తరం అందింది. చదువుకున్న కోడలికి పొయ్యి ముందు కూర్చోవడం నామోషీ అయిందనీ, అత్తతో పడక కిరాయి గదికి పోయిందనీ మామయ్య రాశారు, మీరు నమ్మారు. పొయ్యి ముందు కూర్చున్నన్నాళ్ళు నా గురించి ఎవరూ మీకు ఒక్క ముక్క రాయలేదు. లేచిన రోజున రాశారు. మీరైనా, ఎందుకు పోయావని నన్నడగలేదు. ఎప్పుడు తిరిగి పోతావని అడిగారు.

మిగతావాటికి ముందు జవాబులు. బర్రె ఈనింది, దూడ దక్కలేదు. అత్తమ్మ మోకాళ్ళు అలాగే ఉన్నాయని అండాలు వదిన బజారులో కనపడి చెప్పింది. నాతో మాట్లాడిన సంగతి మాత్రం ఇంట్లో తెలియనీయొద్దంది. క్వార్టరు వచ్చిందని, రెండు గదులు, లోపలే కుళాయి అని రాశారు. ఆ వాక్యం దగ్గర చాలాసేపు ఆగాను. ఇక్కడి నుంచి బయటపడాలని పెళ్ళినాటి నుంచి నేనెంత కొట్టుకుంటున్నానో మీకు తెలుసు. ఎన్నికలో ఓడిపోయిన అభ్యర్థి వేసిన కేసులో నాకు సమను వచ్చింది కదా, "గుర్తు లేదని ఒక్కమాట చెప్పి రైలెక్కు" అన్నారు.

బి.ఏ.లో చదివిన ఎస్తోనియా ఎన్నికలు నా తలకెక్కాయని ఎగతాళి కూడా చేశారు. చదివిన మాట నిజమే. యూరపులో రెండు యుద్ధాల మధ్య బతికిన చిన్న దేశమది. పార్టీలన్నిటినీ లేకుండా చేశాక, ముప్పై ఎనిమిదిలో పార్లమెంటుకు ఎన్నికలు పెట్టారు. కొన్నిచోట్ల ఒక్కరే నిలబడ్డారు, అక్కడ ఓటుతో పనే లేకపోయింది. పరీక్షలో మార్కుల కోసం నాలుగు వాక్యాల్లో రాసేశాను. ఓటడగని ఆ ఊళ్ళల్లో ఆడవాళ్ళు ఆనాడు ఏమనుకున్నారో ఏ పుస్తకంలోనూ లేదు. ఇక్కడ ఏమన్నారో చెవులారా విన్నాను.

పోలింగు సంగతి మీకెవరూ సరిగ్గా చెప్పినట్టు లేదు. టీచరును కనుక నాకూ డ్యూటీ పడింది, మన ఊరికి రెండు కోసుల దూరంలోని పల్లె బడిలో, ఆడవాళ్ళ బూతులో. వచ్చిన మనిషి పేరు, పెనిమిటి పేరు అడగాలి. గుమాస్తా జాబితాలో గీత కొట్టాక వేలికి సిరా పెట్టాలి. అది ఎంత కష్టమైన పనో మగవాళ్ళకు తెలియదు. మన దగ్గర ఏ ఆడది పెనిమిటి పేరు నోటితో అంటుంది? బి.ఏ. చదివిన నేను అంటానా? కవరు మీద మీ పేరు గుండ్రంగా రాస్తాను. పోస్టుమాస్టరు పైకి చదవమంటే తల దించుకుంటాను.

పొద్దున్నే బండ్లు దిగి కొందరు వచ్చారు, కొంగులు మొహాల మీదికి లాక్కుని.

"నీ పేరు?"

"సత్తమ్మ."

"పెనిమిటి పేరు?"

"యోహాను."

తడబాటు లేదు. ఎక్కాలు ఒప్పజెప్పినట్టు వరసగా చెప్పుకుంటూ పోయారు. కాసేపటికే నాకర్థమైంది, వీళ్ళెవరూ ఆ మగవాళ్ళ భార్యలు కారు. పేర్లు నేర్పి పంపినవాళ్ళు మగవాళ్ళు. సిగ్గుపడడం కూడా నేర్పాలని వాళ్ళకు తోచలేదు. లేచి ప్రిసైడింగ్ ఆఫీసరుకు చెప్పాను. "ఊకో అమ్మా," అన్నాడాయన. "అవతలి పార్టీ ఏజెంటే భయపడి రాలే, నీకెందుకు? జర చూసీ చూడనట్టు పోనియ్యి."

మధ్యాహ్నం జొన్నకోత నుంచి నేరుగా వాడ ఆడవాళ్ళు వచ్చారు. ముందు నాగులమ్మ. పెనిమిటి పేరు అడగ్గానే మొహం గోడవైపు తిప్పుకుంది.

"నన్నెట్ల జెప్పమంటవమ్మా? ఓ సోమక్కా, జర నువ్వు జెప్పరాదే!"

"దాని మొగడు మారయ్య," అంది వెనకనున్న సోమమ్మ. "ఊరందరికి ఎర్కనే, గీమెకే ఎర్క లేదు. తిట్టేటప్పుడు మాత్రం పదిళ్ళకు ఇనబడ్తది!"

వరసంతా నవ్వింది. గుమాస్తా తల ఎత్తకుండా, "మారయ్య భార్య ఓటు అయిపోయింది," అన్నాడు.

నాగులమ్మ చేయి చాపింది. "నా ఏలు సూడుండ్రి. సిరా ఏది?"

ఎవరూ చూడలేదు. ఆ వరసలో ఒక్కరికీ ఓటు మిగల్లేదు. మిగతావాళ్ళు తిట్టుకుంటూ వెళ్ళిపోయారు. నాగులమ్మ పోలేదు. పెట్టెకు లక్క వేసేదాకా బడి అరుగు మీద కూర్చునే ఉంది.

కేసు పడ్డాక సాక్ష్యం చెప్తానని మారయ్య ఒప్పుకున్నాడు. చేను నుంచి వస్తుంటే దారి కాసి కొట్టారు. దవాఖానలో కాలు తీసేశారు. చూడడానికి పోయాను. నాగులమ్మ నన్ను చూసి లేవలేదు.

"నేనేం జూడలే, నాకేం ఎర్క లేదు. వకీలుకు గదే జెప్పిన. నీకు నౌకరుంది, ఏమన్న జెప్పుకో," అంది. నేను లేచి వస్తుంటే మళ్ళీ పిలిచింది. "నా ఓటేసినామె ఎవలో నీకెర్కనే ఉంటది గద. ఎవలకేసిందో జర అడిగి జెప్పు. నేను కూడ తెల్సుకుంట."

నాకు తెలుసు. ఇన్ని ఉత్తరాల్లో మీకు రాయనిది ఇదే.

మారయ్య భార్యనంటూ వచ్చింది అత్తమ్మ. సిరా కోసం చేయి చాపితే మణికట్టు మీది పచ్చబొట్టు చూశాను. మామయ్య పేరున్న కూరగాయలతన్ని కూడా "ఓ అయ్యా" అని పిలిచే మనిషి, కొంగు కింది నుంచి సూటిగా నన్ను చూస్తూ "మారయ్య" అంది. సిరా నేనే పెట్టాను. కోడలు కూర్చున్న బూతు కాబట్టే, కోడలు నోరు మెదపదు కాబట్టే, గెలిచినాయన కోసం మామయ్య బండ్లు అక్కడికి తోలించారు.

నేను ఇల్లు చేరేసరికి అత్తమ్మ దొడ్లో తొట్టి దగ్గర నోరు పుక్కిలిస్తోంది. ఊసి, మళ్ళీ నీళ్ళు పోసుకుని పుక్కిలిస్తోంది.

"మీ మామ అనమన్నడు, అన్న. ఇగ నన్నేం అడగకు బిడ్డా."

ఆ పూట అత్తమ్మ అన్నం ముట్టలేదు. ఆమె మీద నాకు కోపం రాలేదు, ఇప్పటికీ లేదు. సమను వచ్చిన రోజు మామయ్య నన్ను పిలిచి, "గుర్తు పట్టలేదను. లేకుంటే ఈ గడప నీది గాదు," అన్నారు. దాటి వచ్చాను. పొయ్యి గొడవంటే ఇదీ.

నేను చెప్తే అత్తమ్మ కోర్టు మెట్లెక్కాలి. మామయ్యకు శిక్ష పడొచ్చు. మీరు నన్ను తీసుకుపోకపోవచ్చు. ఇవన్నీ ఆలోచించాను. మారయ్య ఇక చెప్పడు, నాగులమ్మ చెప్పదు, గుమాస్తా అసలే చెప్పడు. క్వార్టరు ఉంచుకుంటారో వదులుకుంటారో మీ ఇష్టం.

ట్రిబ్యునల్ సోమవారం కూర్చుంటుంది. నేను వెళ్తున్నాను. ఎవరు వచ్చారో, ఎవరు పంపారో, సిరా ఎవరు పెట్టారో చెప్తాను.

ఇట్లు,
మీ భార్య
సులోచన